పంచె చింపి కట్టిన వేషం

పోయిన వారం మా ప్రయోగశాలకు పరీక్ష కోసం ఒక అట్టపెట్టె వచ్చింది. అందులో ముఖానికి పూసుకునే రంగులు, అంటించుకునే రబ్బరు గాయాలు, చిన్న సీసాలో నెత్తురులాంటి ద్రవం, ఒక మైనపు ముద్ద ఉన్నాయి. పెట్టె మీద, నుదుటిపై కుట్లతో పళ్ళికిలిస్తున్న ఒక పిల్లవాడి బొమ్మ. హాలోవీన్ సరుకు. ఇప్పుడు ఇక్కడి మాల్‌లలో ఇలాంటివి దాపరికం లేకుండానే అమ్ముతున్నారు. వాటిలో సీసం, ఆర్సెనిక్, పాదరసం ఉండకూడనంత ఉన్నాయేమో చూడడం నా పని. పెట్టె మీద "చర్మానికి పూర్తిగా సురక్షితం" అని రెండు భాషల్లో రాసి ఉంది. అలాంటి వాక్యాలను నమ్మకపోవడమే నా ఉద్యోగం.

మైనపు ముద్ద మూత తీయగానే కొబ్బరినూనె వాసన వచ్చింది. తయారీదారు ఇచ్చిన జాబితాలో కొబ్బరినూనె లేదు. ఆ సంగతి నమోదు చేయవలసిన కాగితం ముందు పెట్టుకొని చాలాసేపు ఏమీ రాయలేకపోయాను. వాసనలు జ్ఞాపకాలను మోసుకొస్తాయన్న మాటను నేను తేలిగ్గా ఒప్పుకోను. మనిషి తనకు కావలసిన జ్ఞాపకాన్ని తానే తెచ్చుకొని, నెపం వాసన మీద పెట్టడమూ జరుగుతుంది. అయితే ఆ మధ్యాహ్నం వచ్చింది నేను కోరుకునే జ్ఞాపకం కాదు.

నాకప్పుడు పదకొండేళ్ళు. సౌదీలోని జుబైల్‌లో ఉండేవాళ్ళం. నాన్న జగిత్యాల పక్క పల్లె నుంచి ఫిట్టరుగా వచ్చి, క్యాంపు గదుల్లో ఏళ్ళు గడిపి, ఒక రసాయనాల కర్మాగారంలో గేజీలు సరిచూసే విభాగానికి సూపర్‌వైజరయ్యాడు. ఆ హోదాతోనే మాకు కుటుంబ వీసా, కాంపౌండులో ఇల్లు వచ్చాయి. కాంపౌండంటే ఎత్తయిన గోడ, ఒకే గేటు, లోపల ఒకే అచ్చులో పోసినట్టు వరుసలుగా ఇళ్ళు. గాలి ఫ్యాక్టరీల వైపు నుంచి వీస్తే కుళ్ళిన గుడ్ల వాసన కొట్టేది. అమ్మ పరుగెత్తి కిటికీలు మూసేది. నాన్న మాత్రం ముక్కు పైకెత్తి, "గింతయితె ఏం గాదు. వాసన వస్తున్నంతసేపు భయం లేదు. వాసన రాకుంటనే భయపడాలె" అనేవాడు. ఆ విషవాయువు మోతాదు మించితే మొదట వాసన తెలిసే శక్తినే చంపేస్తుందని తరువాత చదువుకున్నాను. నాన్న చెప్పింది సరైనదే. ఆ రోజుల్లో నాన్న చెప్పినవన్నీ సరైనవే అయ్యేవి.

ఆయన నాకు నేర్పిన పద్ధతి ఒకటుంది. ఒక్క గేజీని చూసి పైపులో ఒత్తిడి ఇంత అని చెప్పకూడదు. రెండోది కూడా చూడాలి. రెండూ కలిస్తేనే నోరు విప్పాలి. దీన్ని నేను బడిలో, ఇంట్లో, ఆటల్లో అన్నిటికీ వర్తింపజేసేదాన్ని. మామిడికాయ పుల్లగా ఉందని అమ్మ అంటే, రెండో మనిషి చేత కొరికించేదాకా ఊరుకునేదాన్ని కాదు. "నీ బిడ్డ పోలీసుల చేరుతది" అని అమ్మ విసుక్కునేది.

ఆ రోజుల్లో హాలోవీన్ గురించి గోడకు అవతల ఎవరూ మాట్లాడేవారు కాదు. నోటీసు బోర్డులో కూడా ఆ పేరు రాయకుండా "పిల్లల వేషాల పోటీ" అని మాత్రమే పెట్టేవారు. తెల్లవాళ్ళ ఇళ్ళలో మొదలైన ఆ సరదా మాకూ అంటుకుంది. పోటీ మా కాంపౌండులో కాదు. నాలుగైదు కిలోమీటర్ల అవతల, అదే కంపెనీ వాళ్ళ రెండో కాంపౌండులో. ఒక శుక్రవారం మధ్యాహ్నం పిల్లల్నీ తల్లుల్నీ బస్సులో తీసుకెళ్ళేవారు. సరదాకి కొందరు పెద్దవాళ్ళూ వేషం కట్టేవారు. ఇంటికి ఇద్దరు చొప్పున పేర్లు ముందే రాసుకునేవారు. మా ఇంటి నుంచి నా పేరూ అమ్మ పేరూ ఉన్నాయి. "నాకెందుకే ఆ దయ్యాల ముచ్చట. నువ్వే పో" అని అమ్మ ముందే తేల్చేసింది. బస్సులో ఒక చోటు ఖాళీగా ఉంటుందన్న సంగతి అలా తెలిసింది.

ఇప్పుడు అత్త గురించి చెప్పాలి. ఆమె మాకు బంధువు కాదు. మా కాంపౌండులోనే, నాలుగు వరుసల అవతల ఉండే పెద్దసారు ఇంట్లో పనిమనిషి. పెద్దసారు మా నాన్నకు పైఅధికారి, తెలుగువాడే. ఆయన భార్యను అందరం మేడమ్ అనేవాళ్ళం. అత్తది గోదావరి అవతల ఒక పల్లె. రెండేళ్ళ ఒప్పందం మీద వచ్చి నాలుగో ఏట ఉంది. మేడమ్ రాసిచ్చిన చీటీ లేకుండా ఆమెను గేటు దాటనివ్వరు. కాంపౌండు మొత్తంలో పిండి రుబ్బే గ్రైండరు మా ఇంట్లోనే ఉండేది. మేడమ్‌కు మిక్సీలో తిప్పిన ఇడ్లీ నచ్చదు. అందుకని రోజు విడిచి రోజు అత్త నానబెట్టిన మినపప్పు గిన్నెతో మా వంటింటికి వచ్చేది. గ్రైండరు తిరిగే ముప్పావు గంటే ఆమెకు దొరికే విరామం. ఆ ముప్పావు గంటా కింద కూర్చొని, నడుం గోడకు ఆనించి మాట్లాడుతూనే ఉండేది. మినపపిండి నురుగు వాసనా, ఆమె తలకు రాసుకునే కొబ్బరినూనె వాసనా కలిసిపోయేవి.

ఒకరోజు నేను అద్దం ముందు నుదుటి మీద నల్ల స్కెచ్ పెన్నుతో గీతలు గీసుకుంటున్నాను.

"అదేంటి పాపా, ముఖం మీద సిరా ఒలకబోసుకున్నావా?" అంది.

"కుట్లు. సచ్చిపోయినోళ్ళ ముక్కలు కలిపి కుట్టిన మనిషిని నేను."

"ముక్కలు కుడితే లేచొస్తాడా?"

"రాడు. పాత సిన్మాలల్ల వస్తడు."

"వచ్చినోడు ఇంత శుభ్రంగా, తానం చేసినట్టుగా వస్తాడా మరి? చచ్చినోడి చర్మం ముడతలు పడాలా, కళ్ళ కింద గుంటలు పడాలా. వదినగారూ, మీ ఇంట్లో గంజి ఉందాండి?"

అమ్మ చిక్కటి గంజి ఇచ్చింది. అత్త టిష్యూ కాగితాన్ని చేత్తో చింపింది. కత్తిరించబోతే నా చేతిమీద ఒక్కటి వేసి, "కత్తెరతో కోస్తే అంచు కనబడిపోద్ది. చింపితే కలిసిపోద్ది" అంది. నా చెంపను ఒక చేత్తో బిగదీసి, గంజి పూసి, కాగితం అతికించి, పైన మళ్ళీ గంజి పూసింది. ఆరాక చెంప వదిలేసింది. పదకొండేళ్ళ నా చెంప మీద ఎనభయ్యేళ్ళ ముడతలు నిలబడ్డాయి. అమ్మ చేతిలోని గరిటె అలాగే ఆగిపోయింది.

ఇంత విద్య ఎక్కడిదని అడిగితే చెప్పింది. ఆమె తండ్రి పగటివేషగాడు. ఊరూరా తిరిగి రోజుకో వేషం కట్టేవాడు. ఆడపిల్లలకు వేషం కట్టే ఆచారం లేదు. ఆమె పనల్లా రంగు నూరడం, ఆయన వీపుకూ మెడ వెనకా పూయడం. "అర్దళం రాతి మీద నూరీ నూరీ నా అరిచేతులు పసుపుపచ్చగా ఉండేవి. పెళ్ళికి చూసుకోడానికొచ్చినోళ్ళు కామెర్లేమో అనుకున్నారు" అని నవ్వింది.

ఆ మాట డ్యూటీ నుంచి అప్పుడే వచ్చిన నాన్న విన్నాడు. "అర్దళమంటె ఆర్సెనిక్ కలిసినది, చెల్లె. విషం. పోరికి మాత్రం పుయ్యకు."

"మా నాన్న ముప్ఫై ఏళ్ళు పూసుకున్నాడండి అన్నయ్యగారూ. ఏమీ కాలేదు."

"సావకపోతె మంచిదని కాదు గదా."

"ఇక్కడ మాత్రం ఎక్కడ దొరుకుద్దిలెండి. మీ ఇంట్లో పసుపు దొరికితే చాలు."

ఇద్దరి మాటలూ నా నోటుపుస్తకంలో ఎదురెదురుగా రాసుకున్నాను. అర్దళం నీళ్ళలో అంతగా కరగదనీ, అంతమాత్రాన ముఖానికి పూయదగినది కాదనీ తెలుసుకోవడానికి నాకు మరో పదేళ్ళు పట్టింది. ఇద్దరూ సగం సగం సరైనవాళ్ళే.

ఆ తరువాతి రెండు వారాలూ నేను ఎంత సంతోషంగా ఉన్నానో చెప్పడానికి నా దగ్గర కొలమానం లేదు. గ్రైండరు తిరిగినప్పుడల్లా మా ప్రయోగాలు సాగేవి. కొబ్బరినూనెలో పౌడరు, మిఠాయిల్లో వేసే ఆకుపచ్చ రంగు కలిపితే చచ్చిన మనిషి చర్మం వచ్చింది. కాఫీపొడి అద్దితే అది కుళ్ళింది. పసుపులో వంటసోడా కలిపితే ఎర్రబడింది. దాన్ని ఖర్జూర పాకంలో కలిపితే చిక్కటి నెత్తురు తయారైంది. నాలుకకు తగిలితే మొదట తీపి, వెనుకనే సోడా చేదు. ప్రతి ముద్దనూ ముందు నా మోచేతి మడతలో పూసి, ఒక రోజంతా ఉంచి, దద్దురు వచ్చిందా లేదా రాసుకునేదాన్ని. అత్తకు ఇది పెద్ద వినోదం. "చెయ్యి కాలిందా మేష్టారూ? పాసా, ఫెయిలా?" అని అడిగేది.

ఒకనాడు ఒక చెంపకే ముడతలు, నెత్తురు పెట్టుకొని ఉండగా తలుపు చప్పుడైంది. నేనే తీశాను. తాగునీటి డబ్బాలు తెచ్చే బంగ్లాదేశీ భాయి. నా ముఖం చూసి భుజం మీది డబ్బాను మెల్లగా కిందికి దించాడు. "బేటీ, అమ్మీ కో బులావ్. జల్దీ బులావ్" అన్నాడు. అమ్మ వచ్చేలోగా తన తలకు చుట్టుకున్న తువ్వాలు విప్పి నా చెంపకు అదిమిపట్టాడు. అసలు సంగతి తెలిసి అత్త నేలమీద దొర్లి దొర్లి నవ్వింది. భాయి నవ్వలేదు. తువ్వాలుకు అంటుకున్న ఖర్జూర పాకాన్ని వాసన చూసుకుంటూ వెళ్ళిపోయాడు.

పోటీ ఇంకా నాలుగు రోజులుందనగా, అమ్మ పెరట్లో బట్టలు ఆరేస్తున్నప్పుడు, అత్త గ్రైండరు చప్పుడు చాటున నాతో మాట్లాడింది.

"పాపా, ఆ బస్సులో మీ అమ్మగారి చోటు ఖాళీయే కదా. నేను వస్తాను. నాక్కూడా ఒక వేషం కడదామా? ఒళ్ళంతా గుడ్డ పీలికలు చుట్టుకొని శవపేటికలోంచి లేచొస్తాడే, అది. కళ్ళు తప్ప ఏమీ కనబడవు."

"మేడమ్ ఒప్పుకుంటదా?"

"ఆవిడకి చెప్పను." కాసేపు పిండిని గరిటెతో లోపలికి తోసింది. "ఆ రెండో కాంపౌండుకి ఎదురుగానే ఒక హాలు ఉంది. ఈ శుక్రవారం ఎంబసీవాళ్ళొచ్చి అక్కడ కూర్చుంటారు. పాస్‌పోర్టు మేడమ్ దగ్గరుంది, ఖురూజ్ వెయ్యట్లేదు అని ఒక్క కాగితం రాయించుకుంటే చాలు, తక్కింది వాళ్ళే చూస్తారంట. ఒక్క గంట. మళ్ళీ మీ బస్సులోనే వచ్చేస్తాను."

ఖురూజ్ అంటే దేశం విడిచి వెళ్ళడానికి యజమాని వేయించవలసిన ముద్ర. అది లేకుండా విమానం ఎక్కనివ్వరని అక్కడి పిల్లలందరికీ తెలుసు.

"ఎందుకంత తొందర?" అన్నాను.

"మా నాన్నకి నీటికాసులు. ఒక కన్ను పోయింది. రెండోది వేసవి దాకా ఆగదన్నాడంట డాక్టరు. చూపుండగా నా ముఖం ఒకసారి చూస్తానంటున్నాడు. పోయాక ఇంక రాదు కదా పాపా."

"నిజంగనా?"

ఆమె నా ముఖంలోకి చూసి నవ్వింది. "ఎవర్నో ఒకర్ని అడిగి తేల్చుకుంటేగానీ నమ్మవు నువ్వు. నమ్మకపోయినా ఫరవాలేదు. ఎవరికీ చెప్పకు."

చెప్పనన్నాను. ఆ క్షణంలో చెప్పే ఉద్దేశం నాకు లేదు. ఈ విషయంలో నా జ్ఞాపకాన్ని నేను నమ్ముతాను.

అయితే నీటికాసులు అన్న మాట నన్ను పట్టుకుంది. బడి గ్రంథాలయంలోని ఇంగ్లీషు విజ్ఞానసర్వస్వంలో కంటి జబ్బుల పేజీలన్నీ తిప్పాను. తెలుగులో విన్న జబ్బును ఇంగ్లీషులో ఏ పేరు కింద వెతకాలో తెలియలేదు. ఒక గేజీ మాత్రమే చూసినట్టుగా మనసు కుదురుగా లేదు. బుధవారం సాయంత్రం నాన్నను అడిగాను.

"నాన్నా, నీటికాసులంటె ఏంది? దాంతోని సూపు పోతదా?"

"పోతది. కంట్ల ఒత్తిడి ఎక్కువయి నరం దెబ్బతింటది. పోయిన సూపు మళ్ళ రాదు. ఎవరికే?"

ఆమె చెప్పింది నిజమేనని తేలింది. రెండు గేజీలూ కలిశాయి. ఆ సంబరంలో ఉన్నాననుకుంటాను. "ఎవరికే బిడ్డా, చెప్పరాదు" అని నాన్న రెండోసారి అడిగేసరికి హాలు, బస్సు, పీలికల వేషం మొత్తం చెప్పేశాను. చెప్పాక భయం వేసింది.

"నాన్నా, ఎవ్వరికి చెప్పవు గదా?"

"చెప్ప."

"ఒట్టు?"

"నా మాట మీదనే ఒట్టు అడుగుతవా?" అని నా తల మీద చెయ్యి వేశాడు. ఆయన చేతికి ఎప్పుడూ ఉండే ఇనుము వాసన ఆ రోజూ ఉంది.

గురువారం సాయంత్రానికి నా వేషం సామగ్రి అంతా సిద్ధమైంది గానీ అత్త వేషానికి గుడ్డ దొరకలేదు. అమ్మ దుప్పటి ఇవ్వనంది. ఆమెకు తెలిసిందల్లా అది వేరే పిల్ల ఎవరికో అని. అమ్మ పెరట్లోకి పోయాక నాన్న లోపలికి వెళ్ళి, సూట్‌కేసు అడుగు నుంచి ఒక తెల్ల పంచె తెచ్చి మా ముందు పెట్టాడు. సన్నటి మెరూన్ అంచు పంచె. ఊరి నుంచి తెచ్చుకున్నది, పండుగలకు తప్ప కట్టేవాడు కాదు.

"చింపుకోండ్రి. ముతకది, మంచిగ నిలవడ్తది."

అత్త దాన్ని వేళ్ళ మధ్య పట్టి చూసింది. "కొత్తదానిలా ఉందండి అన్నయ్యగారూ. ఎందుకండీ?"

"పాతదే చెల్లె. నీకు పనికొస్తె సాలు."

ఆమె కళ్ళలో నీళ్ళు తిరిగాయి. నాన్నకు తెలుసునని ఆమెకు అప్పుడే అర్థమైందేమో, తెలియదు. నా వైపు చూసింది. నాకు మాత్రం గర్వంగా అనిపించింది. నాన్న మా పక్షానే ఉన్నాడు. పంచెను జానెడు వెడల్పు పీలికలుగా చింపి, పాలు లేని టీ డికాషన్‌లో నానబెట్టాం. ఇల్లంతా టీ వాసన. ఆరిన పీలికలు వెయ్యేళ్ళ నాటి గుడ్డలా మాసిపోయాయి. మెరూన్ అంచు మాత్రం మాయలేదు.

శుక్రవారం మధ్యాహ్నం నాన్న నిద్రపోతానని గదిలోకి వెళ్ళాడు, అమ్మ పక్కింటికి వెళ్ళింది. పాపకు వేషం వేసి వస్తానని మేడమ్‌కు చెప్పి అత్త వచ్చింది. మొదట నా ముఖం పూర్తిచేసింది. తరువాత నేను ఆమెకు పీలికలు చుట్టాను. ముక్కు దగ్గర ఊపిరికి సందు ఎలా వదలాలో, కదిలినా జారకుండా ఎక్కడ ముడి వేయాలో తనే చెబుతూ వచ్చింది. చివరికి అద్దంలో చూసుకుంది.

"రంగు నూరినదాన్నే గానీ, పుట్టాక నేను కట్టిన మొదటి వేషం ఇదే" అంది. ఆ వెంటనే గొంతు మార్చింది. "ఇంక నన్ను అత్తా అని పిలవకూడదు, తెలుసా? వేషంలో ఉన్న మనిషిని గుర్తుపట్టినా పేరు పెట్టి పిలవరు. పిలిచినా వేషగాడు పలకడు. అది మా వాళ్ళ పద్ధతి."

బస్సు గేటు దగ్గర ఆగింది. కాపలాదారు తలలు లెక్కపెట్టి, జాబితాలోని అంకెతో సరిపోల్చుకొని, సరేనన్నట్టు చెయ్యి ఊపాడు. అప్పుడు పెద్దసారు కారు వచ్చి బస్సుకు అడ్డంగా ఆగింది. మేడమ్ బస్సు ఎక్కింది. పీలికల వేషాలు మొత్తం మూడు. ఒకటి తెల్లవాళ్ళావిడది, ఒకటి ఫిలిప్పీన్ టీచరుది, మూడోది నా పక్కన కూర్చున్న మనిషిది. మేడమ్ అత్తను పేరు పెట్టి పిలిచింది. ఎవరూ పలకలేదు. మళ్ళీ పిలిచింది. "నువ్విక్కడే ఉన్నావని తెలుసు. మర్యాదగా దిగు. సీన్ చెయ్యకు." పిల్లలు ఇదీ పోటీలో భాగమేననుకొని నవ్వుతున్నారు. అత్త చెయ్యి నా మోకాలి మీద ఉంది. అది కదలలేదు. మేడమ్ మూడు వేషాల వైపూ చూసి, ఏ ముఖం మీది గుడ్డ లాగాలో తేల్చుకోలేక, వెనక్కి తిరిగి కింద కారు వైపు చూసి ఎవరినో పిలిచింది.

నాన్న ఎక్కాడు.

సీట్ల మధ్య నుంచి తిన్నగా మా వరుస దాకా వచ్చాడు. నా వైపు చూడలేదు. వంగి, అత్త మోచేతి దగ్గర పీలిక అంచును ముట్టుకొని చూశాడు. చాలా మెల్లగా, ఎప్పుడూ పలకరించే గొంతుతోనే అన్నాడు.

"దిగు చెల్లె. లొల్లి వద్దు."

"నాన్నా, ఆమె కాదు" అన్నాను.

"సప్పుడు చెయ్యకు, బిడ్డా."

అత్త లేచింది. మెట్లు దిగాక మేడమ్ ఆమె ముఖం మీది గుడ్డ పట్టుకొని లాగబోతే, రెండు చేతులతో అదిమిపట్టుకుంది. అలా వేషంతోనే, పేరు పెట్టి ఎన్నిసార్లు పిలుస్తున్నా పలకకుండా, ఎండలో వాళ్ళ ఇంటి వైపు నడిచింది. బస్సు కదిలింది. రెండో కాంపౌండు దగ్గర దిగినప్పుడు రోడ్డుకు అవతల ఆ హాలు కనిపించింది. బయట నీడలో ప్లాస్టిక్ కవర్లలో కాగితాలు పట్టుకొని మనుషులు వరుసగా నిలబడి ఉన్నారు. వరుస చాలా చిన్నది.

ఆ రోజు తీసిన నా ఫొటో ఒకటి ఇంకా ఉంది. అందులో నేను నవ్వుతున్నాను. ఆ ఫొటో చూసినవాళ్ళెవరైనా సంతోషంగా ఉన్న పిల్ల అంటారు. ఆరిన గంజి చర్మాన్ని బిగదీసి పెదవుల చివరలను అలా పైకి లాగింది. ఫొటోలను సాక్ష్యంగా నేను అంతగా లెక్కపెట్టకపోవడానికి అదొక కారణం.

ఇంటికి వచ్చాక నాన్న తానే మొదలుపెట్టాడు. "సారే అడిగిండే. ఆమె మీ ఇంటికొచ్చింది, ఏడికి పోయిందని. అడిగినంక అబద్ధమెట్ల చెప్త?" నేను నమ్మాను. అబద్ధం చెప్పకూడదన్నది నాన్న నేర్పిన సంగతే. బాధపడుతూనే నమ్మాను.

రెండు రోజులకు మేడమ్ బక్లావా మిఠాయి డబ్బాతో మా గుమ్మంలోకి వచ్చింది. అమ్మతో అంది: "మీవారు గురువారం పొద్దున్నే వచ్చి చెప్పబట్టి సరిపోయింది. లేకపోతే ఎంబసీలో మా మీద కంప్లైంట్, మన తెలుగువాళ్ళలో ఎంత అప్రతిష్ఠ, చెప్పండి. రెడ్‌హ్యాండెడ్‌గా పట్టుకుంటేగానీ మళ్ళీ చెయ్యకుండా ఉండదని మావారే శుక్రవారం దాకా ఆగారు."

ఆ గురువారం మాట అమ్మకు అర్థం కాలేదు. నేను గదిలో కూర్చొని రోజులను వరుసలో పెట్టుకున్నాను. బుధవారం సాయంత్రం నేను చెప్పాను. గురువారం పొద్దున ఆయన వెళ్ళి చెప్పాడు. గురువారం సాయంత్రం పంచె ఇచ్చాడు.

"సార్ అడిగిండన్నవ్. నువ్వే పోయి చెప్పినవట" అన్నాను, డ్యూటీకి బూట్లు కట్టుకుంటున్న ఆయనతో.

"ఎవరన్నరు?"

"మేడమ్. అమ్మతోని."

ఆయన రెండో బూటు తాడు బిగించుకున్నాడు. "నీకు తెల్వదు బిడ్డా. బస్సు కాయితంల మీ అమ్మ పేరున్నది. ఆమె మన పేరు మీద గేటు దాటితె, రేపు మనల్ని ఈడ ఉండనిచ్చే నా ఇకామా రెన్యువల్ కాయితం మీద సంతకం పెట్టేది ఎవరు? ఆ సారే. ఈ ఇల్లు, నీ బడి, అన్నీ ఆ సంతకంల ఉన్నయి."

"అయితె ఆమెకే చెప్పచ్చు గదా, రావద్దని. మన పేరు మీద రావద్దంటె ఆమె వస్తుండెనా?"

ఆయన లేచి టిఫిన్ డబ్బా అందుకున్నాడు.

"పంచె ఎందుకిచ్చినవ్?"

దానికి జవాబు ఆ రోజూ రాలేదు, తరువాతా రాలేదు. ఆమెను గుర్తుపట్టడానికి ఆనవాలుగానే ఇచ్చాడని నేను రాయలేను, ఆధారం లేదు. మనసు గుంజి ఇచ్చి ఉండవచ్చు. మనుషుల్లో రెండూ ఒకే చేత్తో జరుగుతాయి. ఇచ్చే సమయానికి చెప్పేసి ఉన్నాడన్నది మాత్రం ఆధారమున్న మాట. ఆ అంచును చూసే ఆమెను గుర్తుపట్టాడన్నది నా కళ్ళతో నేను చూసిన మాట. ఇన్నేళ్ళలో నాన్న భయాన్ని నేను పూర్తిగా అర్థం చేసుకున్నాను. ఆ భయంతోనే మా ఊరివాళ్ళు ఎంతమంది ఎన్ని సంతకాల కింద బతికారో చూశాను. అర్థం చేసుకోవడం వల్ల తల మీద వేసిన ఆ చెయ్యి బరువు తగ్గలేదు. ముందే నాతో చెప్పి మాట తప్పి ఉంటే అది వేరు. నా చేత గుడ్డ చింపించాడు, టీలో నానబెట్టించాడు, ఆమెకు ముడులు వేయించాడు.

అత్త మళ్ళీ పిండి రుబ్బడానికి రాలేదు. ఆమె గిన్నె మా దగ్గరే ఉండిపోతే అమ్మ తీసుకెళ్ళి వెనుక తలుపు దగ్గర ఇచ్చి వచ్చింది. వచ్చి, బెండకాయలు ముందేసుకొని తరుగుతూ అంది:

"ఆ పిల్ల నీకొక మాట చెప్పుమన్నదే. 'వదినగారూ, పాపనడగండి, మా నాన్న నీటికాసుల సంగతి నిజమేనని తేలిందా' అని. ఏం ముచ్చటది?"

"ఏం లేదమ్మా" అన్నాను.

కొన్నాళ్ళకు మేడమ్ ఆమెను కువైట్ సరిహద్దు దగ్గర ఖఫ్జీలో ఉన్న తమ చుట్టాల ఇంటికి పంపించింది. ఏడాది తిరక్కుండానే ఇంటికి పోయిందని ఒకరన్నారు. మూడేళ్ళ దాకా అక్కడే ఉందని మరొకరన్నారు. ఇద్దరూ చూసి చెప్పినవాళ్ళు కారు. రెండు మాటలూ కలవలేదు కనుక ఏదీ నిజమని రాయను. ఆ తండ్రి చూపు వేసవి దాకా నిలిచిందో లేదో కూడా నాకు తెలియదు.

తెలిసినది ఒకటే. అమ్మ ఆ మాట మోసుకొచ్చిన తరువాత అత్త ఆ ఇంట్లో ఇంకా తొమ్మిది రోజులు ఉంది. మా ఇంటికీ వాళ్ళ ఇంటికీ నాలుగు వరుసల దూరం. నిజమేనని తేలిందని ఆమెకు చెప్పి రావడానికి నాకు ఏ చీటీ అక్కరలేదు. చెబితే, ఎవరిని అడిగి తేల్చుకున్నావని అడుగుతుంది. అందుకని ఆ తొమ్మిది రోజులూ బడి బస్సు దిగి, ఆ వరుస కంట పడకుండా చుట్టు తిరిగి ఇంటికి వచ్చేదాన్ని.